టవర్‌క్లాక్ జిరాక్స్ నోట్సు: అమెరికా చరిత్ర మూడు పుస్తకాలూ కొనాలా, ఒకటి చాలా?

అనంతపురంలో టవర్‌క్లాక్ చుట్టుపక్కల జిరాక్స్ షాపుల్లో ‘అమెరికా చరిత్ర: వలసలు, సంఘజీవనం, సంస్కరణోద్యమాలు’ అని మూడు స్పైరల్ పుస్తకాలు దొరుకుతున్నాయి. అట్ట మీద రాసినవాళ్ల పేరు లేదు, ఏ సంవత్సరంలో తయారైందో లేదు. ఎం.ఏ. చరిత్రలో అమెరికా పేపరు ఉన్నవాళ్లూ, సివిల్స్‌కు చరిత్ర ఆప్షనల్‌ను తెలుగులో రాసేవాళ్లూ కొంటున్నారు. తేదీల వరకు నోట్సు నమ్మదగ్గదే. చిక్కు ఎక్కువగా మాటలతో వచ్చింది. ఇంగ్లీషు మాటను తెలుగులోకి దించేటప్పుడు అది మన దగ్గర ఇంకో అర్థంలో వాడుకలో ఉందని చూసుకోలేదు. అందుకే చదివేముందు ఎర్రపెన్ను పక్కన పెట్టుకోవాలి.

ముందు ధర సంగతి. మూడూ కలిపి 558 పేజీలు. పేజీకి 75 పైసలు, స్పైరల్‌కు 40 రూపాయల లెక్కన 538 రూపాయల 50 పైసలవుతుంది, 540 తీసుకుంటారు. మొదటిది 214 పేజీలు, తొలి వలస రాజ్యాల నుంచి అంతర్యుద్ధం దాకా. రెండోది 188 పేజీలు, అక్కడి నుంచి 1924 వలస చట్టం దాకా. మూడోది 156. విడిగా అడిగినా ఇస్తారు. డబ్బు చూసుకునేవాళ్లకు రెండోది ఒక్కటీ 181 రూపాయల్లో వస్తుంది. అసలు సరుకంతా దాంట్లోనే ఉంది.

కాగితం 70 జీఎస్ఎం, రెండు వైపులా కొట్టారు, వెనక అక్షరాలు ముందుకు కనబడవు. అంతవరకు బాగుంది. మార్జిన్లే దెబ్బతిన్నాయి. టైపు చేసినప్పుడు స్పైరల్‌కు జాగా వదల్లేదు. జిరాక్స్ తీసేటప్పుడు రంధ్రాలకు చోటు కావాలని అచ్చును కుడికి జరిపారు గానీ సైజు తగ్గించలేదు. దాంతో ముందు పేజీల్లో కుడి అంచు కోసుకుపోయింది. వెనక పేజీలకు బైండింగే కుడివైపు వస్తుంది కదా, అక్కడి చివరి అక్షరాలను రంధ్రాలు తినేశాయి. మామూలు వాక్యాలైతే ఊహించి చదువుకోవచ్చు. రెండో పుస్తకం చివరున్న వలస చట్టాల పట్టికలో మాత్రం సంవత్సరాల గడి సరిగ్గా ఆ అంచునే ఉంది. 188, 188, 191, 192, 192, 194, 194 అని ఏడు వరసల్లోనూ చివరి అంకె ఎగిరిపోయింది. పై నుంచి కిందికి 2, 5, 7, 1, 4, 3, 6 అని వేసుకోండి. అంటే 1882 చైనీయుల నిషేధ చట్టం, 1885 కాంట్రాక్టు కూలీల నిషేధం, 1917 అక్షరాస్యత పరీక్ష, ఆసియా నిషిద్ధ మండలం, 1921, 1924 కోటా చట్టాలు, 1943లో చైనీయుల నిషేధం రద్దు, 1946లో భారతీయులకు ఏడాదికి 100 మంది చొప్పున అనుమతి. షాపులో మాస్టర్ కాపీ నుంచి కొత్తగా తీయించుకునే వీలుంటే 93 శాతానికి తగ్గించి తీయమనండి, అంచులు బతుకుతాయి.

జిరాక్స్ చేసిన పాడు ఇంకొకటుంది. న్యూయార్క్ పేదల అద్దె భవనాల అధ్యాయంలో ‘డంబెల్’ భవనం ప్లాను వేశారు. జిరాక్స్‌కు జిరాక్స్ తీసి తీసి ఆ బొమ్మ మొత్తం నల్లముద్దయింది. నాలుగు మూలలా గదుల గీతలు లీలగా తెలుస్తాయి, మధ్య భాగం మసి. ఈ బొమ్మలో చూడాల్సిందే ఆ మధ్య భాగం. స్థలం వెడల్పు 25 అడుగులు, లోతు 100. అందులో ఐదారంతస్తులు, అంతస్తుకు నాలుగు కుటుంబాలు, 14 గదులు. 1879 చట్టం ప్రతి గదికీ గాలి రావాలంది. బిల్డర్లు అద్దె వచ్చే జాగా పోగొట్టుకోకుండా భవనం నడుం దగ్గర 28 అంగుళాలు లోపలికి నొక్కి, పక్క భవనం నడుము కూడా అంతే నొక్కి, రెంటి మధ్య ఐదడుగుల లోపు సందు వదిలారు. పై నుంచి చూస్తే కసరత్తు డంబెల్ ఆకారం, అందుకే ఆ పేరు. నోట్సు ‘1879 చట్టంతో పేదల ఇళ్లకు గాలి, వెలుతురు దక్కాయి’ అని ముగించేసింది. జరిగింది అది కాదు. కింది అంతస్తుల దాకా వెలుతురు దిగలేదు. పై వాళ్లు ఆ సందులోకి చెత్త విసిరేవారు, కంపు కిటికీల్లోంచి గదుల్లోకి వచ్చేది. నిప్పంటుకుంటే ఆ సందే పొగగొట్టమై మంటను పై దాకా లాక్కుపోయేది. ఇదంతా చూసే 1901లో కొత్త చట్టం తెచ్చారు. అందులో పెద్ద ఆవరణ వదలాలన్నారు, ప్రతి వాటాకూ మరుగుదొడ్డి, నీళ్లు పెట్టాలన్నారు. ‘1879 చట్టం ఎందుకు విఫలమైంది’ అనే ప్రశ్నకు ఈ బొమ్మ వేసి మధ్యలో బాణం గుర్తు పెడితే సగం జవాబు అయిపోయినట్టే. నల్లముద్దను చూసి అది వేయలేరు. తెల్లకాగితం మీద స్కేలుతో గీసుకుని ఆ పేజీకి అంటించుకోండి.

ఇక మాటలు. ‘సెటిల్‌మెంట్ హౌస్’ అన్నదాన్ని ఒక చోట ‘పరిష్కార గృహం’ అనీ, ఇంకో చోట ఏకంగా ‘సెటిల్‌మెంట్ ఆఫీసు’ అనీ రాశారు. సీమలో సెటిల్‌మెంట్ అంటే ఏం గుర్తొస్తుందో చెప్పక్కర్లేదు. భూమి తగాదాలు, పంచాయితీ, మధ్యలో ఒక పెద్దమనిషి. షికాగోలో సెటిల్‌మెంట్ హౌస్ నడిపిన జేన్ ఆడమ్స్ ఎవరి తగాదాలూ తీర్చలేదు. అక్కడ ఆ మాటకు అర్థం కాపురం పెట్టడం. చదువుకున్నవాళ్లు, ఎక్కువగా ఆడవాళ్లు, వలస కూలీల వాడలోనే ఇల్లు తీసుకుని వాళ్ల మధ్యే ఉంటూ పనిచేయడం. 1884లో లండన్‌లో మొదలైన టాయిన్‌బీ హాల్ చూసి వచ్చి, జేన్ ఆడమ్స్, ఎలెన్ గేట్స్ స్టార్ 1889లో హాల్‌స్టెడ్ వీధిలో పాత బంగళా ఒకటి తీసుకుని హల్ హౌస్ మొదలుపెట్టారు. అమెరికాలో మొదటిది అదేనని నోట్సు అంటుంది, కాదు. న్యూయార్క్‌లో స్టాంటన్ కోయిట్ పెట్టిన నైబర్‌హుడ్ గిల్డ్ 1886 నాటిది. ‘వాడలో కాపురముండే సేవాకేంద్రం’ అని దిద్దుకుంటే సరిపోతుంది. అనంతపురం జిల్లాలో ఆర్‌డీటీ (రూరల్ డెవలప్‌మెంట్ ట్రస్ట్) పని దగ్గరగా చూసినవాళ్లకు ఈ భావం చప్పున ఎక్కుతుంది. అయితే హల్ హౌస్ అన్నది ఒక నగరంలో ఒక వాడకు పరిమితం, జిల్లా అంతా కాదు.

ఈ అధ్యాయంలో నోట్సు రాసినవాళ్లు చాలా మంచి సంగతులు వదిలేసి ‘విద్య, వైద్యం, వినోదం అందించారు’ అని ఒక్క ముక్కలో తేల్చేశారు. ఏ కేంద్రం గురించైనా ఆ ముక్క రాసేయొచ్చు, మార్కులు రావు. హల్ హౌస్ వాళ్లు మొదట్లో శాస్త్రీయంగా లెక్కకట్టిన బలమైన తిండి వండి అమ్మే వంటశాల పెట్టారు. చుట్టుపక్కల వలస కుటుంబాలు దాన్ని ముట్టలేదు, వాళ్ల రుచులు వాళ్లవి. ఆ దెబ్బతో వాడకు ఏం కావాలో వాడనే అడగాలని వీళ్లకు తెలిసొచ్చింది. 1895లో ఇల్లిల్లూ తిరిగి, ఎవరు ఏ దేశం నుంచి వచ్చారు, వారానికి ఎంత సంపాదిస్తున్నారు అని రంగులేసి పటాలు అచ్చువేశారు. అదే ఏడాది వీధుల్లో చెత్త ఎత్తడం లేదని గొడవపడి, జేన్ ఆడమ్సే ఆ వార్డు చెత్త తనిఖీ అధికారి ఉద్యోగం తీసుకుని పొద్దున్నే బండ్ల వెనక తిరిగింది. అక్కడే ఉన్న ఫ్లోరెన్స్ కెల్లీ సేకరించిన వివరాలు 1893 ఇల్లినాయ్ ఫ్యాక్టరీ చట్టానికి దారితీశాయి. జూలియా లాత్రప్ 1912లో ఫెడరల్ బాలల శాఖకు మొదటి అధిపతి అయింది. సంస్కరణ అన్నది వాడలో లెక్కలు తీయడం నుంచి చట్టసభ దాకా ఎలా నడిచిందో చూపాలంటే ఈ వరస చాలు. 1931 నోబెల్ శాంతి బహుమతి మాత్రం నోట్సులో లావు అక్షరాల్లో ఉంది.

రెండో మాట ‘రిజర్వేషన్’. మొదటి పుస్తకంలో ‘1851 నుంచి ఇండియన్లకు రిజర్వేషన్లు కల్పించారు’ అనే వాక్యం ఉంది. మన పిల్లలు దీన్ని ఉద్యోగాల్లో రిజర్వేషన్ అని, పైగా ఇండియన్లంటే మనవాళ్లేనని చదువుకునే ప్రమాదం గట్టిగా ఉంది. అవి మూలవాసులను వాళ్ల భూముల నుంచి తరిమి గిరిగీసి కూర్చోబెట్టిన ప్రాంతాలు. ‘కల్పించారు’ తీసేసి ‘పరిమితం చేశారు’ అని రాసుకోండి. 1830 తరలింపు చట్టం, ఆ తర్వాత చెరోకీలను నడిపించిన దారిలో దాదాపు 4 వేల మంది చనిపోవడం నోట్సు సరిగానే చెప్పింది. 1887 డాస్ చట్టం దగ్గరే బరువు తగ్గింది. ఆ చట్టం ఉమ్మడి భూమిని ముక్కలు చేసి కుటుంబ పెద్దకు 160 ఎకరాలు ఇచ్చి, 25 ఏళ్ల దాకా అమ్ముకోకూడదంది. మన డీ-పట్టా భూమి తెలిసినవాళ్లు ఇక్కడ తలూపుతారు, కానీ లెక్క తిరగబడింది. ఇక్కడ భూమి లేనివాళ్లకు ప్రభుత్వ భూమి పంచారు. అక్కడ వాళ్లదే అయిన భూమిని కోసి, పంచగా మిగిలింది తెల్లవాళ్లకు తెరిచారు. మూలవాసుల చేతిలో ఉన్న 13.8 కోట్ల ఎకరాలు 1934 నాటికి 4.8 కోట్లకు పడిపోయాయి.

మూడో మాట ‘కోటా’. మూడింటిలో ఎక్కువ నష్టం చేసేది ఇదే. కోటా అంటే మనకు దక్కాల్సిన వాటా. 1921, 1924 చట్టాల్లో కోటా అంటే ఇంతకు మించి రానివ్వం అనే గిరి. ‘ఇటలీకి కోటా ఇచ్చారు’ అని నోట్సు రాస్తే మేలు చేసినట్టు ధ్వనిస్తుంది. 1921లో, 1910 జనగణన నాటికి అమెరికాలో ఉన్న ఒక్కో దేశస్థుల సంఖ్యలో 3 శాతం మందినే ఏడాదికి రానిచ్చారు. 1924లో 2 శాతం చేసి, జనగణనను వెనక్కి 1890కి జరిపారు. నోట్సులో ఈ అంకెలన్నీ ఉన్నాయి. 1890కే ఎందుకు జరిపారన్నది మాత్రం లేదు, అసలు కీలకం అదే. ఇటలీ, పోలెండ్, రష్యా యూదులు పెద్ద ఎత్తున దిగింది 1890 తర్వాత. ఆ ఏడాదిని కొలతగా పెడితే వాళ్ల సంఖ్య తక్కువగా తేలుతుంది, బ్రిటన్, జర్మనీలది ఎక్కువగా తేలుతుంది. ఇటలీకి 42 వేలకు పైగా ఉన్నది ఒక్కసారిగా 4 వేల లోపుకు పడిపోయింది. పేరెత్తకుండా గేటు వేయడం అంటే ఇదే. ఆసియాకైతే గేటు దాదాపు పూర్తిగా వేశారు, అదీ దేశాల పేరెత్తకుండానే. పౌరసత్వానికి అర్హులు కానివాళ్లెవరూ రాకూడదన్నారు. భగత్‌సింగ్ థింద్ కేసులో 1923లో సుప్రీంకోర్టు భారతీయులకు ఆ అర్హత లేదని అప్పటికే తేల్చేసింది.

న్యూయార్క్ రేవులో వలస వచ్చేవాళ్లను తనిఖీ చేసిన ఎల్లిస్ దీవి అధ్యాయం చదవడానికి హాయిగా ఉంటుంది. 1892 జనవరి 1న తెరవడం, 1954లో మూయడం, మధ్యలో కోటీ 20 లక్షల మంది, అన్నీ సరైనవే. డాక్టర్లు మెట్లెక్కే వాళ్లను చూస్తూ కోటు మీద సుద్దముక్కతో గుర్తు వేయడం కూడా బాగా రాశారు. గుండె అనుమానమైతే హెచ్, కుంటితనమైతే ఎల్, కళ్లయితే ఇ. తప్పులు రెండున్నాయి. అధికారులు నోరు తిరగక పేర్లు మార్చేసేవారని రాశారు. అది అమెరికాలోనే ఊరూరా తిరిగే కట్టుకథ. అధికారి ముందున్నది ఓడ కంపెనీ బయల్దేరిన రేవులోనే నింపిన జాబితా, ఆయన దాన్ని చూసి ప్రశ్నలడిగేవాడు, అంతే. రెండోది, ‘పని సిద్ధంగా ఉందని చెప్పినవారిని తేలిగ్గా పంపేవారు’ అన్నారు. పూర్తిగా ఉల్టా. 1885 చట్టం ముందే కూలి ఒప్పందం చేసుకుని రావడాన్ని నిషేధించింది. పని ఉందంటే ఆపేవారు, పని చేసుకోగలను గానీ ఇంకా ఏదీ కుదరలేదని చెప్పాలి.

ఆ చట్టం ఎందుకొచ్చిందో తెలియాలంటే ‘పద్రోనె’ అనే ఇటలీ మాట అర్థం కావాలి. నోట్సు దాన్ని ‘యజమాని’ అంది. యజమాని కాదు, మేస్త్రీ. ఊళ్లో అడ్వాన్సు ఇచ్చి, టికెట్ కొని, రైలుమార్గం పనికో గనికో మందను తోలుకుపోయి, కూలీలో కమీషన్ కోసుకుని, తిండి సామాను కూడా తన దగ్గరే కొనిపించే మనిషి. కోసిగి, పెద్దకడబూరు వైపు నుంచి గుంటూరు మిరపకోతలకు సుగ్గికి (సీజన్ కూలి వలసకు) పోయేవాళ్లకు ఈ మనిషిని పరిచయం చేయక్కర్లేదు.

సుగ్గి మాట నోట్సులోనూ వచ్చింది, రావాల్సిన చోట కాదు. నల్లజాతివాళ్ల మహావలసను సుగ్గితో పోల్చారు. సుగ్గికి పోయినవాళ్లు పని ముగిశాక ఊరికొస్తారు. 1910ల నుంచి 1970 దాకా దక్షిణాది వదిలిన దాదాపు 60 లక్షల మంది నల్లవాళ్లలో ఎక్కువమంది షికాగో, డెట్రాయిట్, న్యూయార్క్‌లలో స్థిరపడిపోయారు. సుగ్గి పోలిక ఇటలీ కూలీలకు పెట్టాల్సింది, వాళ్లలో చాలామంది నాలుగు డబ్బులు వెనకేసుకుని తిరిగి వెళ్లిపోయారు. దీనికంటే పెద్ద పొరపాటు ఇంకొకటి, అదే ‘మహావలస’ శీర్షిక కింద 1630లలో న్యూ ఇంగ్లండ్‌కు వచ్చిన సుమారు 20 వేల మంది ప్యూరిటన్లను కూడా కలిపేశారు. ఇంగ్లీషులో రెంటికీ ఒకే పేరుంది, నిజమే. కానీ మధ్యలో మూడువందల ఏళ్లున్నాయి. పేజీని అడ్డంగా గీత గీసి విడదీయండి. కారణాల్లో పత్తి ముక్కుపురుగును చేర్చినందుకు మెచ్చుకోవాలి. ఆదోని వైపు పత్తి వేసి గులాబీరంగు పురుగు చూసినవాళ్లకు ఒక్క పురుగు ఊళ్లను ఎలా ఖాళీ చేయిస్తుందో తెలుసు. జాతివివక్ష చట్టాలు, మొదటి ప్రపంచయుద్ధంతో ఐరోపా కూలీలు ఆగిపోయి ఉత్తరాది ఫ్యాక్టరీలకు మనుషులు కావలసిరావడం, ఈ రెండూ కూడా ఉన్నాయి.

నోట్సు మొత్తంలో ఎర్రపెన్ను దాదాపు అక్కర్లేనిది మద్య వ్యతిరేకోద్యమం అధ్యాయం. 1826 మద్యనిగ్రహ సంఘం, 1874లో మహిళల సంఘం, 1893లో సెలూన్ల వ్యతిరేక కూటమి, అక్కడి నుంచి 18వ సవరణ దాకా మెట్టుమెట్టుగా తీసుకెళ్లారు. 1992 దూబగుంట, 1995 మద్యనిషేధం, 1997 సడలింపు పక్కన పెట్టి పోల్చారు. రెండు చోట్లా మగవాళ్ల కూలి డబ్బు ఇంటికి చేరడం లేదన్న ఆడవాళ్ల గోడు దగ్గరే ఉద్యమం మొదలైందని చెప్పడం నిజంగా పనికొచ్చే పోలిక. దిద్దాల్సింది ఒక్క వాక్యం. ‘1920 నుంచి మద్యం తాగడం నేరం’ అన్నారు. సవరణ నిషేధించింది తయారీ, అమ్మకం, రవాణా. తాగడాన్ని కాదు. ముందే కొని ఇంట్లో నిల్వ పెట్టుకున్నవాళ్లు నిక్షేపంగా తాగారు. 1933 డిసెంబర్ 5న 21వ సవరణతో ఆ కథ ముగిసింది.

సెనెకా ఫాల్స్ మహిళా హక్కుల సభ, బానిసత్వ నిర్మూలన సంఘాలు, న్యూ హార్మొనీ లాంటి సమష్టి జీవన ప్రయోగాలు మామూలుగా ఉన్నాయి. చదవొచ్చు, కొత్తదేమీ లేదు. సెనెకా ఫాల్స్ 1848 ప్రకటన మీద సంతకాలు 68 మంది స్త్రీలవి, 32 మంది పురుషులవి. నోట్సులో ఇవి అటూ ఇటూ అయ్యాయి.

మూడో పుస్తకం నిరాశే. 1965 వలస చట్టానికి ఆరు లైన్లు కేటాయించారు. కడపలో ఏ కాలనీకి వెళ్లినా అమెరికాలో ఎవరో ఒకరున్న ఇల్లు కనబడుతుంది, ఆ దారి తెరిచిన చట్టానికి ఆరు లైన్లు! కనీసం ఇవైనా పక్కన రాసుకోండి. 1965 అక్టోబర్ 3న లిబర్టీ విగ్రహం దగ్గర అధ్యక్షుడు జాన్సన్ సంతకం చేశాడు. పుట్టిన దేశాన్ని బట్టి కోటాలు పోయాయి. తూర్పు అర్ధగోళానికి ఏడాదికి లక్షా 70 వేలు, అందులో ఏ ఒక్క దేశానికైనా 20 వేలు పరిమితి. కుటుంబ బంధుత్వం ఉన్నవాళ్లకు, నైపుణ్యం ఉన్నవాళ్లకు ప్రాధాన్యం. డాక్టర్లు, ఇంజనీర్లు వెళ్లింది ఈ తలుపులోంచి. హెచ్-1బి అన్నది 1990 చట్టంతో వచ్చింది, దీంతో కాదు. ఇంకో చిన్న సంగతి, బయల్దేరే దేశంలోనే కాన్సులేట్ దగ్గర వీసా తీసుకుని రావాలన్న పద్ధతి గట్టిపడింది 1924 చట్టంతో. అప్పటి నుంచి ఎల్లిస్ దీవిలో జరిగే తనిఖీ చాలావరకు అటు మారింది. హైదరాబాద్ కాన్సులేట్ ముందు ఇవాళ్టి క్యూ మూలం అక్కడుంది.

చివర 120 బిట్లున్నాయి. 41వ ప్రశ్నే 42గా మళ్లీ పడింది, కీలో మాత్రం ఒక్కసారే. కాబట్టి 42 నుంచి కీ ఒక అంకె జరిగి ఉంటుంది. పేజీలో 43 అన్నదానికి కీలో 42 చూడాలి. ఇది తెలియకుండా దిద్దుకుంటే సగానికి పైగా తప్పులొచ్చినట్టే కనిపిస్తుంది.

కొనేటప్పుడు నిలబడి మూడు చోట్ల తిప్పి చూడండి. రెండో పుస్తకంలో 112 తర్వాత 114 వచ్చి మళ్లీ 113 వచ్చే కాపీలు తిరుగుతున్నాయి, రెండువైపులా తీసేటప్పుడు ఒక కాగితం తిరగబడింది. చట్టాల పట్టిక, డంబెల్ బొమ్మ ఎంత పాడయ్యాయో కూడా చూడండి. స్పైరల్ వద్దనుకుంటే గుడ్డ బైండింగ్ అడగొచ్చు, మరో 60 రూపాయలు, ఒక రోజు ఆగాలి. కానీ అంచులు ఇప్పటికే కోసుకుపోయిన కాపీకి గుడ్డ బైండింగ్ వేయిస్తే లోపలి మార్జిన్ ఇంకాస్త పోతుంది. 93 శాతం కాపీ తీయించుకున్నాకే వేయించండి.